ఆమె ఆగినంతసేపు

మొదటిసారి ఆమెను చూసిన రోజున నాకు చేయడానికి పని లేకుండా పోయింది.

అప్పటికి నేను సినిమాల్లోకి వచ్చి ఎంతో కాలం కాలేదు. గోదావరి జిల్లాలో పుట్టి పెరిగి, పెళ్లయ్యాక మా ఆయన బ్యాంకు ఉద్యోగం వల్ల మేడ్చల్‌కి వచ్చినదాన్ని. అప్పట్లో మా కాలనీలో ఇళ్లకంటే ఖాళీ ప్లాట్లే ఎక్కువ. ఇంట్లో ఒక్కదాన్నే కూర్చోలేక ఒక టీవీ ఛానెల్లో వార్తల ఎడిటింగ్ నేర్చుకున్నాను. అక్కడి నుంచి నగరంలో ఒక పెద్దాయన దగ్గర అసిస్టెంటుగా చేరాను. ఆయన ఎడిట్ చేసేవన్నీ హాస్యచిత్రాలే. "నవ్వు మాట అన్నవాడి దగ్గర ఉండదమ్మా, విన్నవాడి మొహంలో ఉంటుంది. ఎప్పుడు ఆ మొహం చూపించాలో తెలిస్తే సగం పని వచ్చినట్టే" అని మొదటి వారమే చెప్పారు. మిగతా సగం ఏమిటో ఆయన చెప్పలేదు. నేనూ అడగలేదు.

ఒకరోజు ఆయన నాకొక పెళ్లిచూపుల సీను ఇచ్చి, ముక్కలు సరిచేసి పెట్టమని బయటికి వెళ్లారు. పెళ్లికొడుకు తండ్రి తాము ఊరి బయట కట్టుకున్న కొత్త ఇంటి గురించి గొప్పలు చెబుతుంటాడు. పాలరాయి అంటాడు, డూప్లెక్స్ అంటాడు, మేడ మీద తోట అంటాడు. పెళ్లికూతురి ఇంట్లో పనిమనిషి టీ కప్పులు పట్టుకుని అంతా వింటుంది. విన్నాక ఒకే మాట అడుగుతుంది: "నల్లా ఏ దినం వస్తది?"

ఆ పనిమనిషి వేషం వేసినామెను అంతకుముందు నేను చూడలేదు. నలభై దగ్గర పడుతున్న వయసు, గుండ్రటి మొహం, నుదుటిమీద పెద్ద బొట్టు. ఆయన గొప్పలు ముగిశాక ఆమె వెంటనే మాట్లాడదు. ఆగుతుంది. చేతిలో కప్పులు కదలవు. కళ్లు మాత్రం ఎక్కడో నెమ్మదిగా తిరిగి వస్తాయి. ఆ తర్వాత నల్లా నీళ్ల సంగతి అడుగుతుంది.

హాస్యంలో ఖాళీ ఉంటే కోసేయాలని నేర్చుకున్నదాన్ని కాబట్టి ఆ ఖాళీని కోశాను. సీను చప్పగా అయిపోయింది. సగం తిరిగి పెట్టాను. అప్పుడూ అంతే. మధ్యలో పెళ్లికొడుకు తండ్రి మొహం వేసి చూశాను. ఇంకా పాడైంది. చివరికి విసుగొచ్చి ఆమె ఆగినంతసేపూ అలాగే వదిలేసి చూశాను. గదిలో ఒక్కదాన్నే ఉండి పైకి నవ్వేశాను. సాయంత్రం పెద్దాయన వచ్చి చూసి, కళ్లజోడు తీసి కళ్లు తుడుచుకుని, "దీన్ని ముట్టుకోకు" అన్నారు.

కొన్నాళ్లకు ఆమే మా ఎడిటింగ్ రూముకు వచ్చింది. చెప్పులు గుమ్మం బయట విడిచి, తలుపు కొంచెం తెరిచి లోపలికి తొంగిచూసింది.

"గీడ సినిమాలు కోసే సారు ఎవరు?"

"ఆయన బయటికి వెళ్లారండి. నేను అసిస్టెంటును. చెప్పండి."

"నా సీను ఉన్నదా, దీసేసిండ్రా? మావోళ్లందరికి జెప్పుకున్న. లేకుంటే ఇజ్జత్ పోతది."

"ఉందండి. ఒక్క ముక్క కూడా తీయలేదు."

ఆమె నమ్మలేదు. నా మొహంలోకి చూసి, "నన్ను సముదాయించెతందుకు జెప్తలేవు గదా?" అంది. కూర్చోబెట్టి చూపించాను. తన సీను చూస్తూ ఆమె నవ్వలేదు. అయిపోయాక మళ్లీ వేయమంది.

"గంతసేపు గమ్మున ఉన్ననా నేను?"

"ఉన్నారు. అదే బాగుంది."

"డైరెక్టర్ సారు జల్దీ అను, జల్దీ అను అని ఒకటే పరేషాన్. నాకేమో ఆయన జెప్పిన ఇల్లంత ఒక్కసారి తిరిగి సూసి రావాలె అనిపించింది. మెట్లెక్కి, మీద తోట సూసి, కిందికి దిగి వచ్చిన. సూడకుంట ఎట్లడుగుత?"

ఆ మాట విన్నాక ఆ సీను మళ్లీ వేసి చూశాను. నిజంగానే ఆమె కళ్లు మెట్లెక్కి దిగాయి.

ఆమెది శామీర్‌పేట. చెరువులో చేపలు పట్టే కుటుంబం. పెళ్లిళ్లలో, పేరంటాల్లో ఊళ్లో వాళ్లందరినీ అనుకరించి నవ్విస్తుంటే ఎవరో చూసి టీవీలో ఒక కార్యక్రమానికి తీసుకెళ్లారట. అక్కడి నుంచి సినిమాలకు. నేను మేడ్చల్లో ఉంటానని చెబితే, "గదేంది, మా పక్కకే ఉన్నవ్ గదా" అని, అప్పటికప్పుడే బంధుత్వం కలిపేసింది. నేను మీరు అంటుంటే ఒప్పుకోలేదు. "మీరు మీరు అనకు, పరాయిదాని లెక్క. అక్కా అను" అంది. ఆ రోజు నుంచి ఆమె నాకు అక్క, నేను ఆమెకు చెల్లె.

మా పాప పుట్టాక నేను రోజూ నగరానికి వెళ్లి రాలేకపోయాను. అప్పటికే పెద్దాయన పని తగ్గించుకుంటున్నారు. తన దగ్గరికి వచ్చే ఒక దర్శకుణ్ని నాకు అప్పగించారు. మేడమీద ఒక గది కట్టించుకుని, కిటికీలకు మందపాటి తెరలు వేసి, అందులోనే ఎడిటింగ్ మొదలుపెట్టాను. ఆ దర్శకుడు తీసే ప్రతి సినిమాలో అక్కకు ఒక వేషం ఉండేది. పొరుగింటామె, మేనత్త, హాస్టల్ వార్డెన్, పోలీసు కానిస్టేబుల్ భార్య. ఒక సినిమాలో బస్సు కోసం ఎదురుచూసే ఆడమనిషి, అంతే. సినిమా అంతా అక్కడక్కడా ఆ బస్టాపులో కనబడుతుంది. బస్సు మాత్రం రాదు.

ఆ కాలం తలుచుకుంటే నాకు ముందు గుర్తొచ్చేది వాసన. ఆదివారం ఆమె స్టీలు డబ్బాలో చేపల పులుసు తెచ్చేది. మా ఇంట్లో నేను చేసే పులుసుకు, దానికి పోలికే లేదు. మేము కొర్రమీను అనేదాన్ని ఆమె కొర్రమట్ట అనేది. "మీ గోదారోళ్లు పులుసుల చింతపండు వోస్తరా, చింతపండుల పులుసు వోస్తరా?" అని వెక్కిరించేది. మా ఆయన ఆ పులుసు కోసం ఆదివారాలు ఎక్కడికీ వెళ్లేవారు కాదు. భోజనం అయ్యాక ఇద్దరం మేడమీదికి వెళ్లేవాళ్లం. నేను కంప్యూటర్ ముందు కూర్చుంటే, ఆమె వెనక చాప మీద గోడకు ఆనుకుని కూర్చునేది. అందరి సీన్లూ చూసేది. చాలాసార్లు మధ్యలో నిద్రపోయేది. ఆమె నిద్రపోయిన చోట సీను పొడుగైందని నాకు అర్థమయ్యేది. లేచాక ఆమె ఒప్పుకునేది కాదు. "నిద్ర వోలే. కండ్లు మూసుకోని ఇంటున్న" అనేది.

సినిమా విడుదలైతే ఇద్దరం మేడ్చల్లో థియేటర్‌కి వెళ్లేవాళ్లం. ఆమె చీర కొంగు తల మీదుగా కప్పుకుని, ఎవరూ గుర్తుపట్టకుండా చివరి వరుసలో కూర్చునేది. తెర వైపు చూసేది కాదు, జనాన్ని వినేది. నవ్వుల సినిమా ఎడిట్ చేసేవాళ్లు ఒక సంగతి చూసుకోవాలి. జనం నవ్వుతుండగా తర్వాతి మాట వచ్చేస్తే ఆ మాట ఎవరికీ వినపడదు. నవ్వడానికి జాగా వదలాలి. మరీ వదిలితే, నవ్వు రాని ఊళ్లో ఆ జాగా బోసిగా కనబడుతుంది. ఒకసారి ఆమె మొదటి మాటకు హాలంతా గొల్లుమంది. ఆ గోలలో రెండో మాట కొట్టుకుపోయింది. బయటికి వచ్చాక అలిగి నాతో మాట్లాడలేదు. మిరపకాయ బజ్జీలు తిన్నాక మాట్లాడింది.

"నా రెండో మాట జనం మింగిండ్రు చెల్లె. ఇంకొంచెం జాగ ఇయ్యరాదు?"

"అంత నవ్వుతారని నేననుకోలేదక్కా."

"నేననుకున్న" అంది.

తర్వాత నుంచి ఆమె మాటల దగ్గర నేను ఎప్పుడూ కాస్త ఎక్కువే వదిలేదాన్ని.

నాకు నవ్వుల సినిమాలు తప్ప వేరేవి రాలేదు. యుద్ధాలు, చావులు, ప్రేమలు ఉన్న కథలు నా మేడ ఎక్కలేదు. కామెడీ ఆవిడ అని పేరు పడిపోయింది. బాధ లేదని చెప్పను. కానీ అక్క సీను వచ్చిన రోజు ఆ బాధ గుర్తుండేది కాదు. మిగతా నటుల ముక్కలు నేను అతికించాలి. ఒకరి మాట ముందుకు జరపాలి, ఇంకొకరి చూపు ఎక్కడి నుంచో తెచ్చి పెట్టాలి. ఆమె సీను వస్తే కుర్చీలో వెనక్కి వాలి, చేతులు ఒళ్లో పెట్టుకుని చూసేదాన్ని. ఎక్కడ మొదలైందో అక్కడి నుంచి ఎక్కడ ముగిసిందో అక్కడి దాకా, అలాగే. పని చేయనవసరం లేకపోవడం అంత సుఖంగా ఉంటుందని నాకు ఆమె వల్లే తెలిసింది.

ఒక వేసవిలో పొద్దున్నే ఆమె కొడుకు ఫోన్ చేశాడు. "చిన్నమ్మా, అమ్మకు మూతి వంకర వోయింది. మాట వస్తలేదు. అల్వాల్ల దవాఖానకు దీస్కపోతున్నం" అన్నాడు. నేను వెళ్లేసరికి ఆమెను మంచం మీద పడుకోబెట్టారు. కుడి చేయి దుప్పటి మీద ఎవరిదో వస్తువులా పడి ఉంది. నన్ను చూసి ఏదో చెప్పబోయింది. గ్లాసు వైపు చూస్తుంటే నీళ్లు కావాలని నాకు అర్థమైంది. చివరికి ఆమె నోట్లోంచి వచ్చిన మాట "బస్సు." తను అన్నది తనకే వినిపించి, కదిలే సగం మొహంతో నవ్వింది. నేను నీళ్ల గ్లాసు అందించి బయటికి వచ్చి, వరండాలో కాసేపు నిలబడ్డాను.

నెమ్మదిగా కోలుకుంది. నడక వచ్చింది, చేయి వచ్చింది. మాట కూడా వచ్చింది. మనవరాలి వాచకం ముందు పెట్టుకుని, బొమ్మ మీద వేలు పెట్టి పేర్లు చెప్పేది. ఏడాది తిరిగేసరికి కొత్తవాళ్లు చూస్తే ఏమీ జరగలేదనుకునేంతగా బాగుపడింది. దర్శకుడు శామీర్‌పేటకు వెళ్లి ఆమెను చూసి వచ్చి, సంతోషంగా నాకు ఫోన్ చేశారు. "మేడమ్, ఆవిడ చక్కగా ఉన్నారు. నా తర్వాతి సినిమాలో ఇంటి ఓనరు వేషం ఆవిడదే" అన్నారు. నాకు ఆ రాత్రి సరిగా నిద్రపట్టలేదు, ఆనందంతోనే.

షూటింగ్ దుండిగల్ దగ్గర అద్దెకు తీసుకున్న ఇంట్లో జరిగింది. తీసిన సీన్లున్న హార్డ్ డిస్క్ వచ్చిన రోజు పాపను స్కూలుకు పంపి, టీ పెట్టుకుని, మేడ మీదికి వెళ్లాను. ముందుగా ఆమె సీనే తెరిచాను. కుర్చీలో వెనక్కి వాలాను.

అదే బొట్టు. అదే గుండ్రటి మొహం, కాస్త చిక్కింది. ఎదుటివాడు మాట అన్నాడు. ఆమె ఆగింది. నేను నవ్వడానికి సిద్ధమయ్యాను. ఆమె ఇంకా ఆగే ఉంది. తర్వాత మాట వచ్చింది. మాట సరైనదే.

రెండో టేక్ చూశాను. మూడోది చూశాను. ఏం మారిందో తెలియడానికి కొంత సమయం పట్టింది. ఇంతకుముందు ఆగినప్పుడు మాట ఆమె గుప్పిట్లో ఉండేది. ఎప్పుడు విప్పాలో ఆమె ఇష్టం. ఇప్పుడు గుప్పిట్లో ఏమీ లేదు. ఆమె దాన్ని వెతుక్కుంటోంది. దొరికిందాకా కళ్లలో ఒక చిన్న భయం. కెమెరా ఆ భయాన్ని వదలకుండా తీసింది. టీ చల్లారిపోయింది.

దర్శకుడికి ఫోన్ చేస్తే ఆయనకు ముందే తెలుసు. "సెట్లోనే చూశాను మేడమ్. ఆవిడకు చెప్పలేకపోయాను. మీరేమైనా చేయగలరా?" అన్నారు.

చేశాను. కొన్ని వారాలు దానిమీదే కూర్చున్నాను. ఒక టేక్‌లో రెప్పపాటు తీసుకుని, ఇంకో టేక్‌లో తల తిప్పడం తీసుకుని, మూడో దాంట్లోంచి మాట తెచ్చి, ఆమె వెతుక్కునే చోటల్లా ఎదుటివాడి మొహం వేశాను. క్లాప్ కొట్టకముందు ఆమె ఊరికే ఎటో చూసిన చూపులు కూడా ఏరుకున్నాను. అవి భయం లేని చూపులు. ఇన్నేళ్లుగా ఆమె ఎంతసేపు ఆగేదో నాకు నా ఊపిరిలా తెలుసు. అంతే కొలత పెట్టి కుట్టాను. ముగించి చూస్తే పాత అక్క తెర మీద కూర్చుని ఉంది. నా చేతి పనుల్లో అంతకంటే మంచిది లేదు. దర్శకుడు చూసి, మళ్లీ మొదటి నుంచి వేయమన్నారు. నిర్మాత, "ఆవిడకేదో ఒంట్లో బాగోలేదన్నారు, ఎక్కడండీ?" అని నవ్వాడు.

డబ్బింగ్‌కి ఆమెతో నేనూ వెళ్లాను. తెర మీద తన పెదవులు కదులుతుంటే దానికి సరిపోయేలా మాట చెప్పాలి. చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని మైకు ముందు నిలబడింది. తెర మీది ఆమె మాట్లాడింది. మైకు ముందున్న ఆమె నోరు తెరిచేసరికి పెదవులు ఆగిపోయాయి. "పర్లేదమ్మా, మళ్లీ చేద్దాం" అన్నాడు రికార్డింగ్ చేసే అతను. మళ్లీ అంతే. తెర మీద మాట ముందు పరిగెత్తుతోంది. ఈమె వెనక పడిపోతోంది. చాలాసేపయ్యాక హెడ్‌ఫోన్లు తీసి మెడలో వేసుకుని, గాజు తలుపు వెనకాల కూర్చున్న నావైపు చూసింది.

"గామె నాకంటె జల్దీ మాట్లాడ్తాంది" అంది.

షూటింగ్‌లో పట్టిన గొంతునే శుభ్రం చేసి వాడుకుందామని దర్శకుడు సర్దిచెప్పారు. వచ్చేటప్పుడు కారులో ఆమె కిటికీ వైపు తిరిగి కూర్చుంది. శామీర్‌పేటలో దింపితే, లోపలికి రమ్మని అనలేదు.

ఆదివారం తనే వచ్చింది. డబ్బా తేలేదు. కొడుకు మా గేటు దగ్గర దింపి వెళ్లాడు. మెట్లు ఒక్కొక్కటే ఎక్కి, చాప మీద కాకుండా నా పక్కన కుర్చీలో కూర్చుంది.

"నేను జేసింది సూపెట్టు. నువ్వు జేసింది గాదు."

"ఎందుకక్కా ఇప్పుడు?"

"సూపెట్టు."

అద్దెకున్న వాళ్లను ఇల్లు ఖాళీ చేయమని అడగడానికి ఓనరమ్మ వచ్చే సీను తెరిచాను. వాళ్లు ఆమెను కూర్చోబెట్టి వేడివేడి ఉప్మా పెడతారు, చదువుకునే పిల్లాణ్ని పిలిచి దండం పెట్టిస్తారు. ఆమె తిని, నీళ్లు తాగి, అడగాల్సిన మాట అడగాలి. ఆ టేక్‌లో ఆమెకు "ఖాళీ" అన్న మాట దొరకలేదు. ప్లేటులోకి చూసింది. పిల్లాడి వైపు చూసింది. గోడ మీద క్యాలెండర్ వైపు చూసింది. చాలాసేపటికి "ఇల్లు..." అని, మళ్లీ ఆగి, "ఖాళీ..." అంది. మిగతాది అనలేదు.

కత్తిరించకుండా ఉన్న తన టేకులు ఆమె అలా చూడటం నాకు కష్టంగా ఉంది. ఆమె మాత్రం మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని ముందుకు వంగి చూసింది. మాటలు కూడబలుక్కుని చెప్పింది. మధ్యలో నేను అందివ్వబోతే చేయెత్తి ఆపింది.

"గీడ... నాకు మాట దొర్కలే. నిజమే. గానీ... గా ఇల్లుగలామె గూడ గంతే గదా. ఉప్మా దిన్నంక... ఎట్లడుగుతది? ఆమెకు గూడ దొర్కది."

నేను మళ్లీ వేశాను. భయం కనబడింది. ఆమె చెప్పాక, ఆ భయం ఓనరమ్మది కూడా అనిపించింది.

"తక్కినయన్ని నీ ఇష్టం. గిదొక్కటి ముట్టకు చెల్లె."

"జనం నవ్వకపోతే?"

"నవ్వకుంటే ఏంది?" అంది.

దర్శకుడు ముందు ఒప్పుకోలేదు. సినిమా నడక అక్కడ కూలబడిపోతుందన్నారు. ఆయన అన్నది తప్పు కాదు. నేనూ మొదట అదే అనుకున్నాను. అయినా వారం పాటు ఆయనతో వాదించాను. అంతకుముందు ఏ సీను కోసమూ నేను అంత వాదించలేదు. చివరికి ఆయన, "మీ ఇద్దరి కోసం" అని వదిలేశారు.

విడుదలైన రోజు ఇద్దరం మేడ్చల్లో మధ్యాహ్నం ఆటకు వెళ్లాం. ఆమె కొంగు కప్పుకోలేదు. సగం హాలు నిండింది. నేను కుట్టిన సీన్లకు జనం నవ్వారు, బాగా నవ్వారు. ఆమె కూడా నవ్వింది, తెర మీద ఎవరో వేరే నటిని చూసినట్టు. తర్వాత ఉప్మా సీను వచ్చింది. తెర మీద ఓనరమ్మ ఉప్మా తింది. ఆమె ప్లేటులోకి చూసింది. పిల్లాడి వైపు చూసింది. హాల్లో ఎవరూ నవ్వలేదు. ముందు వరుసల్లో ఎవరో దగ్గారు. క్యాలెండర్ వైపు చూసింది. మా పక్క వరుసలో ఒక పెద్దావిడ మెల్లగా "అయ్యో పాపం" అంది. ఎవరూ లేచి బయటికి వెళ్లలేదు, ఫోన్ తీయలేదు. "ఖాళీ..." అన్నాక కూడా నవ్వు రాలేదు. సీను మారింది.

బయటికి వచ్చాక అక్క అడిగింది. "నవ్వలే గదా?"

"లేదక్కా."

"గానీ... ఇన్నరు" అంది. బజ్జీల బండి వైపు నడిచింది.

సినిమా ఆడింది. అది చూసి మరో ఇద్దరు నిర్మాతలు ఆమెకు కబురు పెట్టారు. వాళ్లకు నచ్చింది నేను కుట్టిన అక్క. ఆ సంగతి వాళ్లకు తెలియదు, ఆమెకు తెలుసు. ఇద్దరికీ వద్దని చెప్పింది. నేను బతిమాలాను. నేనుండగా నీకేం భయం, ఎంతైనా సరిచేస్తాను అన్నాను.

"నువ్వు జేస్తవు. నాకెర్కే" అంది. "గానీ గప్పుడు నువ్వు చేతులు ఒళ్లె వెట్టుకోని సూస్తుంటివి. నాకు వెనకకెల్లి కనవడేది. గదే మస్తనిపించేది నాకు. ఇగ వద్దు."

ఆ చాప మీద నుంచి ఆమె చూసేది తెర ఒక్కటే కాదని అప్పటిదాకా నాకు తెలియదు.

ఇది జరిగి కొన్నేళ్లయింది. నేనింకా నవ్వుల సినిమాలే చేస్తున్నాను. ఇప్పుడు వస్తున్న పిల్లలు మంచివాళ్లు, చురుకైనవాళ్లు. ఎక్కడా ఆగరు. ఆగితే ఫోన్లో చూసేవాళ్లు వేలితో పైకి తోసేసి ఇంకోటి చూస్తారని భయం. వాళ్ల భయం అబద్ధం కాదు. మాట మీద మాట, దాని మీద చప్పుడు, చప్పుడు మీద ఇంకో మొహం. నేను రోజంతా కోస్తూనే ఉంటాను. సాయంత్రానికి చూపుడువేలు నొప్పి పుడుతుంది. పని బాగుందంటారు. ఒక్కోరోజు కొత్త హార్డ్ డిస్క్ తెరిచేటప్పుడు, ఈసారి ఎవరైనా నా చేతులు ఒళ్లో పెట్టిస్తారేమో అని చూస్తాను. ఇంతవరకు లేదు.

ఆమె పాత టేకులన్నీ నా దగ్గరే ఉన్నాయి. కావాలంటే ఏ రోజైనా వేసుకుని చూడొచ్చు. ఒకసారి వేశాను కూడా. నల్లా సీను కాసేపు చూసి ఆపేశాను. నాకు కావలసింది అందులో లేదు. అది గదిలో నా వెనకాల, గోడకు ఆనుకుని, కళ్లు మూసుకుని వింటున్నానని అబద్ధం చెప్పేది.

మొన్నటి ఎండాకాలంలో ఆమె శామీర్‌పేట వదిలి సిద్దిపేటలో కూతురు దగ్గరికి వెళ్లింది. అక్కడ చూసుకోవడానికి మనుషులున్నారు, ఫిజియోథెరపీ చేసే అమ్మాయి ఇంటికే వస్తుంది. వెళ్లే ముందు రోజు నేను పోయి సామాను సర్దాను. చీరలు మడతపెడుతుంటే ఆమె మంచం మీద కూర్చుని, ఏ చీర ఏ సినిమాలో కట్టుకుందో వేలితో చూపిస్తూ గుర్తుచేసింది. చేపల పులుసు డబ్బా నాకిచ్చింది. మూత వదులైంది. నేను ఇంకా వాడుతున్నాను.

ఆదివారాలు వీడియో కాల్ చేస్తాను. ఈ మధ్య ఆమెకు మాట మునుపటికంటే కష్టంగా వస్తోంది. ఫోన్ పట్టుకున్న కూతురికి అది చూడలేని బాధ. అమ్మ నోరు తెరవగానే తనే పూర్తి చేసేస్తుంది. "చిన్నమ్మా, అమ్మ ఏమంటుందంటే, పాప పరీక్షలు మంచిగ రాసిందా అని" అంటుంది. పోయిన ఆదివారం నేను నెమ్మదిగా చెప్పాను. "నువ్వు చెప్పకమ్మా. నాకేం తొందర లేదు. అక్కనే చెప్పనీ."

కూతురు ఫోన్ బల్ల మీద ఆనించి పెట్టి వంటింట్లోకి వెళ్లింది. తెర నిండా అక్క మొహం. పెదవులు కదిలాయి, మాట రాలేదు. కళ్లు ఎటో వెళ్లాయి. ఫ్యాన్ గాలికి వెనక పరదా ఊగుతోంది. నేను చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను. కింద గేటు దగ్గర కూరగాయల బండివాడు మైకులో అరిచి వెళ్లాడు.

"ఏం కూర... వండినవ్?"

"దొండకాయ వేపుడు అక్కా."

ఆమె మొహం చిట్లించింది. నేను నవ్వాను. ఇంకేదో అడగబోయింది కానీ ఈసారి మాట రాలేదు. చేయి ఊపి, తర్వాత అన్నట్టు చెప్పింది. సరేనన్నాను. ఫోన్ ఎలా ఆపాలో ఆమెకు తెలియదు. నాకు ఆపాలనిపించలేదు. కూతురు వచ్చేదాకా ఇద్దరం ఒకరినొకరు చూసుకుంటూ అలాగే ఉన్నాం.